సమస్య: తాళమును వేయ నిల్లెల్ల దగ్ధమయ్యె

నిర్వాహకుడు: మా మేనల్లుడు రాత్రి రెండింటిదాకా ఫోను రూట్ చేస్తూ, అంటే కంపెనీ వేసిన కట్లు విప్పుకుంటూ, కూర్చున్నాడు. పొద్దున కాఫీ దగ్గర "మామయ్యా, మళ్లీ లాక్ వేశాను, చచ్చిపోయింది" అన్నాడు. వాడికి ఏడుపు, నాకు సమస్య. పై పాదం ఆఖరున వచ్చేలా తేటగీతి పూరించండి. ఫోను మీదే రాయాలని లేదు, రాస్తే సంతోషం.

కాఫీగింజ: వాడిది నా కథే.

రూటు చేసిన ఫోనుకు రోజుకొకటి
చిక్కు వచ్చెను, బ్యాంకులు ఛీ యనంగ
మారు బూటును తీయుట మరచి తుదకు
తాళమును వేయ నిల్లెల్ల దగ్ధమయ్యె

బ్యాంకులు ఛీ అనడమంటే వాళ్ల యాప్‌లు రూటు ఫోనులో పనిచేయమనడం. మారు బూటంటే మ్యాజిస్క్ అనే రూటింగ్ సాధనం అతికించిన బూట్ ఇమేజి, అంటే ఫోను లేవడానికి చదివే ఫైలు. అది అలాగే ఉండగా ఫోనుని లేపే ప్రోగ్రామైన బూట్‌లోడర్‌కి లాక్ వేస్తే ఆ ఇమేజికి కంపెనీ డిజిటల్ సంతకం సరిపోదు, ఎర్ర హెచ్చరిక దగ్గరే ఫోను ఆగిపోతుంది. లాక్ విప్పి ఉన్నప్పుడు నారింజ రంగు హెచ్చరికతో సరిపెట్టుకునేది, పాపం.

తాతపంతులు: నాయనా, ఇల్లేదీ? మూడు పాదాలూ వెతికాను. లక్క ఇల్లయితే చక్కగా అతికేది.

కాఫీగింజ: నిజమే పంతులుగారూ. మొదటి పాదం మారుస్తున్నాను: "ఫోనె నా యిల్లు, రూటయి పోవ, రోజు". మీరు మాత్రం ఏ సమస్య ఇచ్చినా వారణావతం బస్సెక్కేస్తారు.

వీణతీగ: తాళం అనగానే అందరూ చెవి కోసం జేబులు తడుముకుంటున్నారు, తాళం వేయడమంటే చేత్తో దెబ్బ వేయడం కూడా కదండీ.

ఏడు దెబ్బల త్రిపుటగా నెంచి బిల్డు
నంబరునఁ దట్టి తలుపుల నమ్మి తెరవ
దాచుకొన్నట్టి ఫోటోలు తరలిపోయె;
తాళమును వేయ నిల్లెల్ల దగ్ధమయ్యె

నిర్వాహకుడు: అబ్బ! డెవలపర్ ఆప్షన్లనే దాగిన సెట్టింగుల కోసం బిల్డ్ నంబరు మీద ఏడుసార్లు తట్టడం తిస్ర త్రిపుట తాళపు ఏడక్షరాలకి సరిపోవడం... ఈ వారానికి ఇది చాలు నాకు. ఆ తరవాత బూట్‌లోడర్‌ని అన్‌లాక్ చేయగానే ఫోనులో డేటా మొత్తం తుడిచేస్తుంది కాబట్టి "దగ్ధం" కూడా కుదిరింది.

వీణతీగ: ధన్యవాదాలు. కాఫీగింజగారి పద్యంలో ఇల్లు కాలనేలేదు. సెట్టింగుల్లో ఓఈఎం అన్‌లాకింగ్ మీట, అంటే బూట్‌లోడర్ విప్పడానికి అనుమతి, ఆన్‌లో ఉంటే మళ్లీ విప్పుకోవచ్చు, డేటా పోతుందంతే.

కాఫీగింజ: ఆ మీట కూడా నేనే ఆపేసి లాక్ వేశాను. అదీ చెప్పాలంటే తేటగీతి చాలదు, సీసం కావాలి.

కొత్తకలం: నాది ఒక్క పాదమే కుదిరింది: "వెరిఫైడు బూటుకై తిప్పలు వెదకి వెదకి". మిగతావి రేపు.

తాతపంతులు: మొదటి గణమే ఒరిగిపోయింది, "వెరిఫై" ఎక్కడ పడుతుంది నాయనా? "ముద్ర చూచెడి బూటును మోసగింప" అని చూడు. పని కూడా అదేగా, బూటయ్యేటప్పుడు ముద్ర సరిచూడటం.

కొత్తకలం: తీసుకున్నాను తాతగారూ. "ముద్ర" అనే మాట నాకు తట్టలేదు.

వీణతీగ: గణాల మాట వచ్చింది కనుక అడుగుతున్నా. పోయిన వేసవిలో నా "తిరుగును ఫ్యాను"లో ఫ్యాకి ముందున్న "ను" గురువైపోయిందని కొట్టేసిన మహానుభావులు, ఇవాళ "వచ్చెను బ్యాంకులు" అన్నారు. ఆ "ను" ఏమైంది? బ్యాంకువాళ్లు మాఫీ చేశారా?

కాఫీగింజ: అక్కడ కామా ఉంది.

వీణతీగ: కామాతో గురువు లఘువవుతుందని ఏ ఛందస్సులో ఉందో సెలవియ్యండి.

నిర్వాహకుడు: ఆగండి. తెలుగు మాట చివరి అక్షరం, పక్క మాట జంటక్షరంతో మొదలైనా, సమాసం కానప్పుడు లఘువే. ఫ్యాను పద్యం అప్పుడూ సరైనదే. అది తప్పనేవాళ్లు "దెబ్బల త్రిపుట"ని కూడా కొట్టేయాలి, ఆ "ల" పక్కన ఉన్నది త్రి.

కాఫీగింజ: నేనింకా చూడనేలేదు! వీణతీగగారూ, రెండూ తప్పా, రెండూ ఒప్పా, మీరే తేల్చండి.

వీణతీగ: రెండూ ఒప్పే. ఫ్యాను పద్యం కింద మీ వ్యాఖ్య మాత్రం ఇంకా అలాగే ఉంది, తీసేయండి.