సాయంత్రమైతే హామ్ రేడియో 40 మీటర్ల బ్యాండ్‌లో ఒకటే రొద, యాంటెన్నా మార్చాలా?

ప్రశ్న (కొర్లగుంట, తిరుపతి): అన్నా, మిద్దె మీద 40 మీటర్ల బ్యాండ్‌కు డైపోల్ (తీగ యాంటెన్నా) కట్టినాను. యాంటెన్నా సరిగ్గా కుదిరిందో చెప్పే ఎస్‌డబ్ల్యూఆర్ 1.4, బాగానే ఉంది. పగలు బెంగళూరు వాళ్లు బాగా వినబడతారు. పొద్దు గూకితే సిగ్నల్ బలం చూపే ఎస్‌మీటర్ 9 దాటిపోతుంది, రొద తప్ప ఏమీ లేదు. గాదంకిలో వాతావరణ పరిశోధన రాడార్ ఉంది కదా, అదేమైనా కారణమా?

జవాబు (చంద్రగిరి): పాపం, ఆ రాడార్‌ను వదిలెయ్ తమ్ముడూ. అది 53 మెగాహెర్ట్జ్, నీ 40 మీటర్ల బ్యాండ్ 7లో. యాంటెన్నా జోలికీ పోవద్దు. రిగ్‌ను (రేడియో సెట్టును) 12 వోల్టుల బ్యాటరీకి తగిలించి ఇంటి మెయిన్ ఆపెయ్. ఇన్వర్టర్ కూడా ఆపాలి. చాలామంది మరిచేది ఇదే: కరెంటు పోగానే అది ఆన్ అయ్యి తన రొద తను మొదలుపెడుతుంది. మీటర్ పడిపోతే దొంగ ఇంట్లోనే ఉన్నట్టు. ఒక్కో ఎంసీబీ వేస్తూ చూడు. నా అనుమానం చవక ఎల్‌ఈడీ బల్బుల మీదే, వాటిలో ఫిల్టర్ ఎగ్గొడతారు. మీటర్ పడకపోతే రొద బయటిది, బ్యాటరీ రేడియోను మీడియం వేవ్‌లో, స్టేషన్ లేని చోట పెట్టుకుని, రొద ఎక్కడ పెరుగుతుందో చూస్తూ వీధిలో తిరుగు.

ప్రశ్నించినవారు: మీటర్ ఎస్4కి పడింది అన్నా! దొంగలు ఇద్దరు: వరండా లైటు, రౌటర్ అడాప్టర్. లైటు మార్చేస్తా. అడాప్టర్ వైరుకు క్లిప్ ఫెరైట్ (రొదను ఆపే అయస్కాంత పదార్థపు ముక్క) వేశాను, తేడా లేదు.

జవాబు (రేణిగుంట): ఫెరైట్‌లో వైరు ఒక్కసారి దూరిస్తే 7 మెగాహెర్ట్జ్‌లో పెద్దగా పనిచేయదండి. మిక్స్ 31 రకం ఫెరైట్ రింగు తీసుకుని అడాప్టర్ వైరు పదిచుట్లు తిప్పండి. యాంటెన్నా నుంచి రిగ్‌కు వచ్చే కేబుల్‌కూ (కోయాక్స్) అలాగే, యాంటెన్నాకు తగిలించే చోట ఒకటి, రిగ్ దగ్గర ఒకటి. ఇంట్లో రొద కేబుల్‌లోని లోహపు జాలీ బయటివైపు మీదుగా యాంటెన్నాకు ఎక్కుతుంది. చుట్లు మరీ బిగుతుగా వేస్తే కేబుల్ పాడవుతుంది.

ప్రశ్నించినవారు: రాత్రి బెంగళూరు అస్సలు వినబడదు, అది కూడా రొద వల్లేనా?

జవాబు (చంద్రగిరి): కాదు. చీకటి పడితే, సిగ్నల్‌ను కిందికి తిప్పి పంపే పై వాతావరణపు పొర అయానోస్పియర్ బలం తగ్గుతుంది, నిటారుగా పోయిన సిగ్నల్ వెనక్కి రాదు. అప్పుడు దూరం వాళ్లే వస్తారు. దగ్గరి వాళ్లతో మాట్లాడాలంటే 80 మీటర్ల బ్యాండ్ చూడు. ఇంకొకటి, అక్టోబరు వానలకు ముందే పైన కనెక్టర్‌కు సెల్ఫ్ అమాల్గమేటింగ్ (తనకు తానే అతుక్కుపోయే రబ్బరు) టేపు చుట్టు. మామూలు ఇన్సులేషన్ టేపు మిద్దె ఎండకు ఊడిపోతుంది. ఉరుములు మొదలవకముందే కోయాక్స్ రిగ్ నుంచి పీకి కిటికీ బయట పడెయ్.