నెదర్లాండ్స్‌లో కొత్త ఇల్లు: ఈసారి కూడా సంతకం పెట్టాలా, వదిలేయాలా?

వెల్ధోవెన్_వాసు (శుక్రవారం, రాత్రి 9:40)

అందరికీ నమస్కారం. ఐండ్‌హోవెన్‌కి దక్షిణంగా, లేండర్‌బోస్ అడవికి కాస్త ఇవతల ఒక కొత్త ఇంటికి 2024 అక్టోబర్‌లో సంతకం పెట్టాను. 2025 వేసవికల్లా పునాది అన్నారు. ఇప్పటికీ అక్కడ ఉన్నది ఒక బోర్డు, బోర్డు మీద నవ్వుతున్న ఒక కుటుంబం. బోర్డు చుట్టూ గడ్డి నా నడుము దాకా వచ్చింది. పర్మిట్ ఖాయం కాలేదు కాబట్టి ఒప్పందం ఇంకా అమల్లోకి రాలేదట. గడువు పొడిగించమంటూ ఇప్పుడు మూడో కాగితం పంపారు. సోమవారం లోపు సంతకం పెట్టాలి. ఈలోగా బ్యాంకు మొదట ఇచ్చిన వడ్డీ ఆఫర్ గడువు దాటిపోయింది, కొత్తది అంతకంటే ఎక్కువ. ఇంట్లో రోజూ ఇదే టెన్షన్.

బిల్డర్ చెప్పే కారణం ఒక్కటే, నైట్రోజన్. అంటే పశువుల పేడ నుంచీ, డీజిల్ యంత్రాల పొగ నుంచీ గాల్లోకి వెళ్లి, రక్షిత అడవుల మీద పడి అక్కడి మొక్కల్ని పాడుచేసేది. ఆ స్థలంలో ఇదివరకు పశువుల కొట్టం ఉండేది. కొట్టం తీసేస్తే తగ్గే నైట్రోజన్‌లోంచి ఇళ్ల పనికి అయ్యేది సర్దుకోవచ్చని వాళ్ల లెక్క. 2024 డిసెంబర్ 18న రాడ్ ఫాన్ స్టాటె (ఇక్కడి అత్యున్నత పరిపాలనా కోర్టు) అలా మీలో మీరు సర్దుకుంటే కుదరదు, విడిగా ప్రకృతి పర్మిట్ తీసుకోవాల్సిందే అంది. అంతే, అక్కడ ఆగింది.

దేశంలో నేల మీద పడే నైట్రోజన్‌లో నిర్మాణ రంగం వాటా 0.6 శాతం. మళ్ళీ చదవండి, 0.6. వ్యవసాయానిది సగానికి కాస్త తక్కువ. ఆవుల్ని వదిలేసి ఇటుకల మీద పడ్డారు. ఇది పిచ్చి కాకపోతే ఏమిటి?

డెల్ఫ్ట్_చిన్నా

వదిలేయ్ బ్రో. పాత ఇల్లు చూసుకో. రెండు మూడు నెలల్లో తాళాలు.

వెల్ధోవెన్_వాసు

పాత ఇళ్లకి పదకొండు సార్లు బిడ్ వేశాను చిన్నా. పదకొండు సార్లూ ఎవరో నాకంటే ముప్పై నలభై వేలు ఎక్కువ వేశారు. అందుకే కదా కొత్తదానికి వచ్చింది.

సైట్_బూట్లు

వాసూ, నేను ఇక్కడ ఒక మధ్య తరహా కాంట్రాక్టర్ దగ్గర పని ప్లానింగ్ చూస్తాను, తొమ్మిదేళ్లయింది. నైట్రోజన్ అబద్ధం అనను. కానీ ప్రతి ఆలస్యానికీ ఆ మాటే వాడుతున్నారు. మన ఊళ్లో కరెంటు పోతే అన్నిటికీ ట్రాన్స్‌ఫార్మర్ మీదకి తోసేసినట్టు.

వరసగా చూడండి. ఏడాదికి లక్ష ఇళ్లు అన్నది ప్రభుత్వ లక్ష్యం. 2023లో పూర్తయిన కొత్త ఇళ్లు సుమారు 73 వేలు, 2024లో సుమారు 69 వేలు. ఇదే దేశం 1970ల మొదట్లో ఏడాదికి లక్షన్నర కట్టింది. 2022లో గృహరుణం వడ్డీ ఒకటి చిల్లర నుంచి నాలుగు దగ్గరికి ఎగిరింది. కొనేవాళ్లు ఆగిపోయారు. ఇక్కడ మామూలుగా 70 శాతం ఇళ్లు అమ్ముడయ్యాకే పని మొదలుపెడతారు, కాబట్టి బిల్డర్లూ ఆగారు. 2023లో మంజూరైన పర్మిట్లు సుమారు 55 వేలకు పడిపోయాయి. దీంట్లో ఆవు ఎక్కడుంది?

అన్నిటికంటే ముఖ్యం మనుషులు. 2008 తర్వాత ఈ రంగం వేలమందిని ఇంటికి పంపింది. మా సైట్‌లో మేస్త్రీ ఒకాయనకి అరవై మూడేళ్లు. ఉదయం ఏడింటికి కంటైనర్‌లో కాఫీ తాగుతూ, తనతో పని నేర్చుకున్న పద్నాలుగు మందిలో ఇంకా తాపీ పట్టేది తనొక్కడే అని వేళ్లు మడిచి లెక్కపెట్టి చూపించాడు. ఒకడు ట్రామ్ నడుపుతున్నాడట, ఇంకొకడు డెలివరీ వ్యాన్. ఈయన పక్కన పని నేర్చుకునే కుర్రాడు ఒక్కడూ లేడు. పోలండ్, రొమేనియా వాళ్లు లేకపోతే మా సైట్ రేపు మూతే.

వెల్ధోవెన్_వాసు

అన్నా, అవన్నీ సరే. నా స్థలంలో మేస్త్రీ రాక ఆగలేదు, పర్మిట్ రాక ఆగింది. 0.6 శాతానికి మీ జవాబు ఏమిటి?

గట్టుమీద_రావు

వాసు గారూ, పదిహేడేళ్లుగా ఆమ్‌స్టెల్‌వీన్‌లో ఉంటున్నాను. ఈ 0.6 అంకె పట్టుకుని అందరూ ఊగిపోతారు. అది దేశం మొత్తం సగటు. చట్టం సగటు చూడదు. మీ స్థలం నుంచి ఆ అడవిలో పలానా హెక్టారు మీద ఎంత పడుతుందన్నది చూస్తుంది. అక్కడ ఇప్పటికే మోయలేనంత పడుతోంది. నిండిన కుండలో చెంచాడు పోసినా పొర్లుతుంది కదా.

కోర్టు దీన్ని కొత్తగా కనిపెట్టలేదు కూడా. 1992 నాటి యూరప్ నిబంధన ఇది. ఇక్కడి ప్రభుత్వం 2015లో ఒక పథకం పెట్టింది. భవిష్యత్తులో నైట్రోజన్ తగ్గుతుంది కాబట్టి ఇవాళే పర్మిట్లు ఇచ్చేద్దాం అని. వచ్చే నెల జీతం చూసుకుని ఈ నెల కార్డు గీకినట్టు. 2019 మే 29న కోర్టు ఆ పథకాన్ని కొట్టేసింది. తర్వాత 2021లో, నిర్మాణ పనుల దశకి లెక్కే అక్కర్లేదని మినహాయింపు ఇచ్చారు. రోటర్‌డామ్ రేవులో కార్బన్ డయాక్సైడ్‌ని సముద్రం కింద దాచే పోర్థోస్ ప్రాజెక్టు కేసులో 2022 నవంబర్ 2న అదీ పోయింది. రెండుసార్లూ ప్రభుత్వం దొడ్డిదారి వెతికింది, రెండుసార్లూ దొరికిపోయింది. తప్పు కోర్టుదా?

వెల్ధోవెన్_వాసు

చెంచాడా? అధికారికంగా లెక్క వేసే సాఫ్ట్‌వేర్ పేరు ఏరియస్. అందులో లెక్కలోకి వచ్చే కనీస పరిమాణం హెక్టారుకి ఏడాదికి 0.005 మోల్. గ్రాముల్లోకి మార్చి చూశాను, 0.07 గ్రాములు. చెంచాడు కాదు, చిటికెడు కూడా కాదు. రెండున్నర ఎకరాల మీద!

గట్టుమీద_రావు

గీత ఎక్కడో ఒకచోట గీయాలి.

సైట్_బూట్లు

మీరిద్దరూ మోల్ దగ్గరే ఆగిపోయారు. ఈ నైట్రోజన్ వల్ల సైట్‌లో ఏమవుతుందో చెప్తాను. పని దశలో పొగ తగ్గించాలని మాకు ఎలక్ట్రిక్ ఎక్స్‌కవేటర్ ఇచ్చారు. చప్పుడు లేదు, పక్కవాళ్లు సంతోషం. అయితే దాన్ని ఛార్జ్ చేయడానికి సైట్‌కి చాలినంత కరెంటు కనెక్షన్ లేదు. గ్రిడ్ నిండిపోయింది, వరసలో ఉండండి అన్నారు. మీ ఐండ్‌హోవెన్ ఉన్న బ్రబాంట్ ప్రాంతంలో 2022 జూన్‌లోనే పెద్ద వినియోగదారులకి కొత్త కనెక్షన్లు ఆపేశారు, గుర్తుందా? చివరికి కంటైనర్ అంత బ్యాటరీని లారీ మీద తెప్పించాం. అది అయిపోతే ఇంకో లారీ తెస్తుంది. లారీ డీజిల్‌ది. మధ్యాహ్నం మూడింటికి బ్యాటరీ దిగిపోతే ఆపరేటర్ క్యాబిన్‌లో కూర్చుని ఫోన్ చూసుకుంటాడు, వాడి గంట కూలీ మాత్రం నడుస్తూనే ఉంటుంది.

2018 జులై నుంచి కొత్త ఇళ్లకి గ్యాస్ కనెక్షన్ లేదు. చాలావాటికి హీట్ పంపే (కరెంటుతో ఇల్లు వెచ్చబెట్టే యంత్రం), అంటే అంతా కరెంటే. వాసూ, నీ పర్మిట్ రేపే వచ్చినా ఆ వీధికి ట్రాన్స్‌ఫార్మర్ ఎప్పుడు పెడతారో అడిగావా?

వెల్ధోవెన్_వాసు

అడగలేదు. ఇప్పుడు అది కూడానా.

ఉట్రెక్ట్_సుధ

నేను ఒక హౌసింగ్ కార్పొరేషన్‌లో అకౌంట్స్ చూస్తాను. ఒక్క మాట చెప్పి పోతాను. 2013 నుంచి 2022 చివరి దాకా, తక్కువ అద్దె ఇళ్లు కట్టే మాలాంటి సంస్థల దగ్గరే ప్రభుత్వం పన్ను వసూలు చేసింది. ఇళ్లు కట్టడానికి ఉన్న డబ్బు పన్నుకి పోయింది. 2010లో గృహనిర్మాణానికి ఉన్న మంత్రిత్వ శాఖనే తీసేశారు. అప్పట్లో ఇళ్ల సమస్య తీరిపోయిందనుకున్నారు! ఇప్పుడు లోటు నాలుగు లక్షల దాకా ఉంది. ఆవులకీ, మేస్త్రీలకీ ముందు ఈ కథ ఉంది.

డెల్ఫ్ట్_చిన్నా

మాకు హైదరాబాదే నయం. చకచకా టవర్ లేస్తుంది.

గట్టుమీద_రావు

చెరువులో లేస్తుంది. తర్వాత బుల్డోజర్ వస్తుంది. 2024లో చూశాం కదా చిన్నా. అందుకే అంటున్నాను, కట్టేముందు అడ్డు చెప్పే హక్కు ఉండాలి. మా బావమరిది అక్కడ ఫ్లాట్ కొని, వానాకాలం వస్తే ఫర్నిచర్ ఇటుకల మీద ఎక్కిస్తాడు. నాకు ఎవరూ పాఠం చెప్పనక్కర్లేదు.

సైట్_బూట్లు

చెకింగులు వద్దని నేను ఎక్కడా అనలేదు రావు గారూ. 2017 మేలో ఐండ్‌హోవెన్ విమానాశ్రయం దగ్గర కడుతున్న పార్కింగ్ భవనం ఒక శనివారం సాయంత్రం కూలింది. అదృష్టం, అప్పుడు లోపల పనివాళ్లు లేరు, ఉండి ఉంటే ఊహించలేం. ముందే పోసి తెచ్చిన కాంక్రీటు పలకలు, పైన పోసిన కాంక్రీటు సరిగ్గా అతుక్కోలేదు. ఆ తర్వాత దేశమంతటా అలాంటి శ్లాబులు మళ్లీ లెక్కలు కట్టి చూడాల్సి వచ్చింది. అలాంటి చెకింగ్‌కి నేను రెండు చేతులా దండం పెడతాను. మీరు మాట్లాడేది దాని గురించి కాదు.

ఉట్రెక్ట్_సుధ

ఒక్క మాటే అన్నాను గానీ, ఇంకోటి. రావు గారూ, పోయిన ఏడాది ఇక్కడే మీరు ఒక ప్రశ్న అడిగారు. మీ ఇంటి ఎదురుగా వచ్చే పదకొండు అంతస్తుల అపార్ట్‌మెంట్‌కి అభ్యంతర లేఖ ఎలా రాయాలి, ఆరు వారాల గడువు ఏ రోజు నుంచి లెక్క అని. నేనే జవాబిచ్చాను. ఏమైంది అది?

గట్టుమీద_రావు

దానికీ దీనికీ సంబంధం లేదు.

వెల్ధోవెన్_వాసు

ఒక్క నిమిషం. మీరు కేసు వేశారా?

గట్టుమీద_రావు

మా వీధి వాళ్లం ఇరవై రెండు ఇళ్లు కలిసి వేశాం. కోర్టు రుసుము 200 యూరోల దగ్గర. అది మా హక్కు.

సైట్_బూట్లు

నైట్రోజన్ మీదా?

గట్టుమీద_రావు

నీడ మీద, పార్కింగ్ మీద. నైట్రోజన్ ఎత్తడానికి లాయరు ఒప్పుకోలేదు.

సైట్_బూట్లు

ఒప్పుకోడు. రక్షిత అడవి పక్కనే ఉండేవాళ్లకి తప్ప మిగతా ఇరుగుపొరుగుకి ఆ పాయింట్ పనిచేయదు, అది మీ సొంత ప్రయోజనాన్ని కాపాడే నిబంధన కాదంటుంది కోర్టు. అంటే పొద్దున్నుంచి మీరు అడవి తరఫున వాదిస్తున్నది అంతా మీ బాల్కనీ కోసమన్నమాట.

వెల్ధోవెన్_వాసు

పదిహేడేళ్ల కిందట మీకు ఇల్లు దొరికింది. అదీ అప్పటి ధరకి. ఇప్పుడు ఎదురుగా ఇంకొకడికి దొరకకూడదు. నేను ఇక్కడ నెలకి 2,150 అద్దె కడుతూ, పదకొండు సార్లు ఓడిపోయి, పిల్లాడిని స్కూల్ మార్చాలా వద్దా తేల్చుకోలేక చస్తుంటే, మీరు నాకు 1992 నిబంధన పాఠం చెప్తున్నారు. నా సైట్ మీద కేసు వేసింది కూడా మీలాంటి వాళ్లేనేమో!

మోడరేటర్

వాసు గారూ, వ్యక్తిగతంగా వద్దు. ఇంకోసారి అయితే ఈ చర్చ మూసేస్తాను.

గట్టుమీద_రావు

మూయకండి, జవాబు చెప్పనివ్వండి. అవును, బాల్కనీ కోసమే. డిసెంబర్‌లో మా ఇంట్లోకి ఎండ వచ్చేదే మధ్యాహ్నం ఒంటిగంట నుంచి రెండున్నర దాకా. మా అమ్మ వచ్చినప్పుడు కుర్చీ అక్కడే వేసుకుని కూర్చుంటుంది. ఆ గంటన్నర పోతుంది. అది మీకు నవ్వులాట కావచ్చు. ఈ దేశానికి వచ్చిన కొత్తలో, మనం ఏది జరిగినా తలూపి ఊరుకునేవాళ్లం. ఇక్కడ మొట్టమొదటిసారి నా మాట ఒక అధికారి రాసుకున్నాడు. నా పేరు తప్పులేకుండా రాసి ఉత్తరం పంపారు. ఆ హక్కుని నేను వదులుకోను.

మరి అడ్డు చెప్పే హక్కు ఎవరికీ లేకుండా కడితే ఏమవుతుందో కూడా చూశాను నేను. బావమరిది సంగతి చెప్పాను.

ఉట్రెక్ట్_సుధ

మీ అమ్మాయి ఇంకా మీ అటకగదిలోనే ఉంటోందా అండీ?

గట్టుమీద_రావు

ఉంటోంది. ఇరవై ఆరేళ్లు. ఉద్యోగం ఉంది. ఇల్లు దొరకలేదు.

సైట్_బూట్లు

రావు గారూ, మర్యాదగానే అడుగుతున్నాను. ఎన్ని అంతస్తులైతే మీకు ఫరవాలేదు?

గట్టుమీద_రావు

ఏడు.

సైట్_బూట్లు

పదకొండు నుంచి ఏడుకి దిగితే ముందు పోయేది పై నాలుగు అంతస్తుల్లో ఖరీదైన ఫ్లాట్లు. తక్కువ అద్దె ఇళ్ల ఖర్చు మోసేవి అవే. అవి పోతే బిల్డర్ మునిసిపాలిటీ దగ్గరికి వెళ్లి, తక్కువ అద్దెవి సగం చేయండి అంటాడు. మునిసిపాలిటీ కుదరదంటుంది. ఫైలు రెండేళ్లు పడుకుంటుంది. ఈలోగా కాంక్రీటు ధర పెరుగుతుంది. ఇలాంటి ఫైళ్లు నా బీరువాలో నాలుగున్నాయి. వాటిలో ఒక్కటే నైట్రోజన్‌ది.

గట్టుమీద_రావు

అది బిల్డర్ లెక్క. నా లెక్క కాదు.

డెల్ఫ్ట్_చిన్నా

🍿

వెల్ధోవెన్_వాసు (ఆదివారం, ఉదయం 11:05)

నిన్న రాత్రి మాట జారాను, రావు గారూ సారీ. కానీ అభిప్రాయం మారలేదు.

బిల్డర్‌కి మెయిల్ పెట్టి ట్రాన్స్‌ఫార్మర్ గురించి అడిగాను. ఆదివారం కదా, జవాబు రాలేదు. పొద్దున సైకిల్ మీద స్థలం దగ్గరికి వెళ్లొచ్చాం. బోర్డు కింద ఎవరో సర్వే మేకులు కొత్తగా కొట్టారు, తలలకి గులాబీ రంగు పూసి. మావాడు లెక్కపెట్టాడు, పన్నెండు. మా ఆవిడకి అది చాలు. సంతకం పెట్టేశాం.

సైట్_బూట్లు

ఆ మేకులు కేబుల్ వాళ్లవి కూడా అయ్యుండొచ్చు వాసూ. ఫోటో తీశావా?

మాస్ట్రిక్ట్_కిరణ్

ఇప్పుడే చూస్తున్నా, మొత్తం చదవలేదు. ఆ 0.6 శాతం అంకె తప్పు కదా? సిమెంట్ లారీలది దీంట్లో కలిపారా?

వెల్ధోవెన్_వాసు

కిరణ్, పైన చదవండి.

గట్టుమీద_రావు

కిరణ్ గారూ, నేను చెప్తాను. అది దేశం మొత్తం సగటు. చట్టం సగటు చూడదు...