గ్రిట్స్‌లో చక్కెర వేస్తే తప్పేంటి? (ఇంట్లో గొడవ, తీర్పు కావాలి)

కమ్మింగ్ కోడలు:
అమెరికాలోని జార్జియాకి వచ్చి తొమ్మిదేళ్లు. ఆదివారం ఇడ్లీ పిండి పులవనప్పుడు మొదలుపెట్టిన అలవాటు, ఇప్పుడు నెలకి రెండుసార్లు అచ్చం ఇక్కడి టిఫినే చేస్తున్నా: గ్రిట్స్ (మొక్కజొన్న రవ్వతో చేసే జావ), బటర్‌మిల్క్ బిస్కెట్లు (మెత్తగా పొంగే చిన్న బన్నుల్లాంటివి), సాసేజ్ గ్రేవీ, వేయించిన గుడ్లు. పోయిన వారం పక్కింటి పెద్దావిడని పిలిచాను, డెబ్బై దాటాయి, మేకన్ దగ్గర పల్లెలో పుట్టి పెరిగిన మనిషి. అంతా బాగానే నడుస్తుండగా మా ఆయన ఎప్పటిలాగే గ్రిట్స్‌లో రెండు చెంచాల చక్కెర వేసుకుని కలిపాడు. ఆవిడ చెంచా కింద పెట్టి, "నాయనా, అది క్రీమ్ ఆఫ్ వీట్ కాదు" అంది (అంటే చక్కెర వేసుకుని తినే గోధుమ రవ్వ జావ). నవ్వుతూనే అంది కానీ ఈయనకి తల కొట్టేసినట్టయింది. ఆవిడ వెళ్లిన దగ్గర్నుంచి ఒకటే వాదన, "మీ పుట్టింట్లో ఉప్మాలో పంచదార వేసుకోరా, అప్పుడు లేని తప్పు ఇప్పుడెక్కడిది" అని. నా ఓటు ఉప్పుకే. మీరేమంటారు? ఊరికే అవును, కాదు అనకండి, కారణం చెప్పండి.

మక్క గట్క:
ఉప్పే. ఇందులో చర్చ ఏముంది అక్కా. మా దిక్కు మక్క గట్క తిన్నవాళ్లకి గ్రిట్స్ కొత్త కాదు, మొక్కజొన్నని రవ్వలా విసిరి నీళ్లలో ఉడికించడమే రెండూ. గట్కలో మజ్జిగ పోసుకుంటాం, పచ్చి పులుసు పోసుకుంటాం, పక్కన ఉల్లిగడ్డ కొరుక్కుంటాం. చక్కెర వేస్తే మా నాయనమ్మ గిన్నె లాక్కునేది. ఇక్కడ కూడా అంతే, గ్రిట్స్ పక్కన ఉండేవి ఏంటో చూడండి, ఉప్పులో ఊరబెట్టిన పంది తొడ మాంసం (కంట్రీ హ్యామ్), దాని కొవ్వులో బ్లాక్ కాఫీ పోసి చేసే రెడ్ ఐ గ్రేవీ, గుడ్డు సొన. వీటి మధ్య తియ్యటి గ్రిట్స్ ఎక్కడ ఇముడుతుంది? ఈ వంట ముందు మస్కోగీ లాంటి ఇక్కడి మూలవాసులది, తర్వాతే మిగతావాళ్లకి అబ్బింది. 2002లో జార్జియా అసెంబ్లీ దీన్ని రాష్ట్ర అధికారిక వంటకం చేసింది కూడా. అంటే బావగారు చక్కెర కలిపింది మామూలు గిన్నెలో కాదు, ప్రభుత్వ చిహ్నంలో :)

బర్మింగ్‌హామ్ బాబాయ్:
(బ్రిటన్‌ది కాదు, అలబామాది. ప్రతిసారీ చెప్పుకోవాల్సి వస్తోంది.)
అమ్మాయ్, మీ ఆయన పక్షాన నేనున్నాను. "అసలైన సదరన్ (అమెరికా దక్షిణాది) వాళ్లు చక్కెర వెయ్యరు" అన్నది సగమే నిజం. వందేళ్ల కిందట ఇక్కడి నూలు మిల్లుల కాలనీల్లో, పత్తి కౌలు రైతుల ఇళ్లలో పేదవాళ్లు తిన్నది మూడే మూడు: మొక్కజొన్న పిండి, పంది కొవ్వు, మొలాసిస్. మొలాసిస్ అంటే ఏంటి, మన బెల్లం పాకానికి చెల్లెలేగా. మొక్కజొన్న పక్కన తీపి అనేది ఎక్కడో ఉత్తరాది నుంచి దిగుమతైన పాపం కాదు, ఈ మట్టిలోనే ఉంది. ఇప్పుడు కూడా బిస్కెట్ మీద జొన్న కాడల రసంతో కాచిన సోర్గమ్ సిరప్ పోసుకుంటే ఎవరూ నోరెత్తరు. అదే సిరప్ ఒక చుక్క పక్కకి జారి గ్రిట్స్‌లో పడితే మాత్రం పంచాయితీ! నేను పనిచేసే చోట ఇక్కడే పుట్టి పెరిగినవాళ్లు, నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కూడా, చక్కెర వేసుకునేవాళ్లు ఉన్నారు. ఎవరింటి అలవాటు వాళ్లది.

రాత్రి డ్యూటీ:
బాబాయ్ గారూ, మీరు చెప్పిన ఆ మూడు వస్తువుల వల్లే ఇక్కడ పెల్లాగ్రా వచ్చింది, అది కూడా చెప్పాలి కదా. ఒళ్లంతా మచ్చలు, విరేచనాలు, చివరికి మతి తప్పడం. అంటువ్యాధి అనుకున్నారు చాలాకాలం. 1914లో ప్రభుత్వం పంపిన డాక్టర్ జోసెఫ్ గోల్డ్‌బర్గర్ వచ్చి, ఇది క్రిమి వల్ల కాదు, తిండి వల్ల అని తేల్చాడు. మూలవాసులు మొక్కజొన్నని సున్నపు నీళ్లలోనో బూడిద నీళ్లలోనో ఉడికించి వాడేవారు, దాంతో అందులోని నియాసిన్ అనే విటమిన్ ఒంటికి పట్టేది. తర్వాత వచ్చినవాళ్లు గింజ తీసుకున్నారు కానీ సున్నం వదిలేశారు. మనకి సంబంధం లేదనుకోకండి, జొన్నల మీదే బతికిన తెలంగాణ పల్లెల్లో కూడా ఇదే జబ్బు కనిపించింది, హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థలో డాక్టర్ గోపాలన్ బృందం దాని మీద పనిచేసింది. సరే, టిఫిన్ థ్రెడ్‌లో జబ్బుల గోల ఎందుకు, క్షమించాలి. నా ఓటు ఉప్పు, పైన వెన్న.

ఇనుప మూకుడు:
అందరూ చక్కెర, ఉప్పు అని కొట్టుకుంటున్నారు గానీ అసలు ప్రశ్న ఎవరూ అడగలేదు. కోడలు గారూ, మీరు వాడుతున్నది ఏ గ్రిట్స్? ఐదు నిమిషాల్లో అయిపోయే క్విక్ రకం అయితే మీ ఆయన తప్పేం లేదు, చక్కెర వెయ్యకపోతే దానికి రుచేముంది, ఉడికిన అట్టముక్క. అందులో మొలక భాగం తీసేస్తారు, నిల్వ ఉండటానికి. మొక్కజొన్న వాసన, ఆ సహజమైన తీపి, నూనె అంతా ఉండేది అందులోనే.

స్టోన్ గ్రౌండ్ తెచ్చుకోండి, అంటే మన తిరగలి రవ్వలాంటిది. తెచ్చాక ఫ్రిజ్‌లో పెట్టండి, బయట ఉంచితే కనరెక్కుతుంది. రాత్రే నీళ్లు పోసి నానబెడితే పొద్దున పైకి పొట్టు తేలుతుంది, బియ్యం కడిగినట్టు వంచెయ్యండి. కప్పు రవ్వకి నాలుగు కప్పులు, మూడు నీళ్లు ఒకటి పాలు. ఉప్పు మొదట్లోనే వెయ్యాలి, చివర్లో వేస్తే పైపైనే ఉంటుంది, గింజలోకి దిగదు. మరిగేదాకా ఆపకుండా తిప్పాలి, తర్వాత సన్న సెగ మీద ముప్పావు గంట నుంచి గంట, మధ్యమధ్యలో అడుగు నుంచి గీరుతూ. నాకు ఎప్పుడు తెలుస్తుందంటే, మొదట గరిట తిప్పితే గింజలు గిన్నెకి తగిలి గరగరలాడుతుంటాయి, ఒక దశలో ఆ చప్పుడు ఆగిపోతుంది, బుడగలు రాగి జావలో లాగా బద్ధకంగా టప్పుమని పేలతాయి. అప్పుడు దించి వెన్న కలపండి. ఇది తిన్నాక కూడా చక్కెర కావాలంటే సరే, మీ ఇష్టం.

కాకినాడ కుర్రాడు:
గంటా?? ఆదివారం పొద్దున గంట గరిట తిప్పడానికి ఇదేమన్నా సత్యనారాయణ వ్రతం ప్రసాదమా బ్రో. నేను క్విక్ గ్రిట్స్‌లో ఆవాలు, మిరపకాయ, కరివేపాకు తాలింపు వేస్తా, పైన వేయించిన రొయ్యలు. అద్దిరిపోద్ది.

ఇనుప మూకుడు:
రొయ్యలకి నేనేం అనను, అది ఇక్కడిదే. సౌత్ కరోలినా తీరంలో జాలర్లు పొద్దున్నే గ్రిట్స్ మీద రొయ్యలు వేసుకుని తినేవాళ్లు. 1980ల్లో నార్త్ కరోలినాలో చాపెల్ హిల్‌లోని ఒక రెస్టారెంట్‌లో పెట్టాక, పేపర్లకెక్కి ఇప్పుడు పాతిక డాలర్ల ప్లేటు అయింది. తాలింపు వేసింది మాత్రం ఉప్మా. బాగుంటుంది, ఉప్మా అనే పిలవండి.

మక్క గట్క:
తాలింపు మాట పక్కన పెట్టండి, బిస్కెట్ల సంగతి ఎవరైనా చెప్పండి. పిల్లలకి "బిస్కెట్ చేస్తున్నా" అంటే టీలో ముంచుకునేది అనుకున్నారు, చేశాక అది నిజంగానే అంత గట్టిగా వచ్చింది.

ఇనుప మూకుడు:
పిండి మార్చండి. మామూలు ఆల్ పర్పస్ చాలావాటిలో మాంసకృత్తులు 10, 11 శాతం దాకా ఉంటాయి, పిసికితే సాగుతుంది, చపాతీకి మంచిది. ఇక్కడివాళ్లు మెత్తటి శీతాకాలపు గోధుమ పిండి వాడతారు. వైట్ లిల్లీ అని టెనెసీలోని నాక్స్‌విల్‌లో 1883లో మొదలైన బ్రాండు, దాంట్లో 8, 9 శాతమే. (2008లో ఆ పాత మిల్లు మూసేశారు, దాని మీద ఇక్కడి పెద్దవాళ్లు ఇప్పటికీ ఏడుస్తారు.) సెల్ఫ్ రైజింగ్ తెచ్చుకుంటే బేకింగ్ పౌడర్, ఉప్పు అందులోనే ఉంటాయి. రెండు కప్పుల పిండిలో ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన వెన్న 85 గ్రాములు తురిమి వేసి, ముప్పావు కప్పు బటర్‌మిల్క్‌తో గబగబా కలిపెయ్యండి. మన పల్చటి మజ్జిగ పనికిరాదు, చిక్కటి పుల్ల పెరుగులో కాసిని పాలు కలిపితే నడుస్తుంది. చపాతీ పిండిలా పిసికారో అయిపోయారు. మడతపెట్టి తట్టడం, మూడుసార్లు చాలు. కట్టర్ నిటారుగా దించి నిటారుగా లేపాలి, తిప్పితే అంచులు మూసుకుపోయి పొంగవు. ఒకదానికొకటి ఆనించి పెట్టి 450 ఫారెన్‌హీట్‌లో 12 నుంచి 15 నిమిషాలు.

బర్మింగ్‌హామ్ బాబాయ్:
పిసకొద్దు అంటే మన ఆడవాళ్ల చేతులు ఆగవు. మా ఆవిడకి ఇదే చెప్పినందుకు నన్ను వంటింట్లోంచి గెంటేసింది.

కమ్మింగ్ కోడలు:
అప్‌డేట్. అవునండీ, నేను వాడుతున్నది క్విక్కే, ఒప్పుకుంటున్నా. ఈ ఆదివారం స్టోన్ గ్రౌండ్ తెచ్చి ముప్పావు గంట తిప్పాను, ఆ గరగర ఆగడం నిజంగానే వినిపించింది. మా ఆయన చక్కెర డబ్బా పక్కన పెట్టుకునే కూర్చున్నాడు, మొదటి గిన్నె అయ్యేదాకా మూత తియ్యలేదు. బాగుందని మాత్రం అనలేదు, అది వాళ్ల వంశంలోనే లేదు.

మిగిలింది పెద్దావిడకి డబ్బాలో పెట్టి ఇచ్చాను. సాయంత్రం ఫోన్ చేసి, ఫ్రిజ్‌లో పెట్టు, రేపటికి గడ్డకడుతుంది, ముక్కలు కోసి పిండిలో దొర్లించి ఇనుప పెనం మీద వెన్నలో ఎర్రగా వేయించు అని చెప్పింది. పైన ఏం వేసుకోవాలి అని అడిగా.

"సిరప్ పోసుకోవాలి తల్లీ, ఇంకేం వేసుకుంటారు" అంది.

మా ఆయన ఫోన్ స్పీకర్‌లోనే విన్నాడు. ఇంక ఈ జన్మకి నన్ను వదలడు.