విభజనలో ఏపీకి కేటాయించిన ఉద్యోగి సీనియారిటీ ఏ తేదీ నుంచి?

అందరికీ నమస్కారం. విజయవాడలో ఒక శాఖాధిపతి కార్యాలయంలో సీనియర్ అసిస్టెంట్‌ని. విభజనకు ముందు హైదరాబాద్‌లో ఇదే కేడర్‌లో ఉండేవాణ్ని. ఉద్యోగుల్ని రెండు రాష్ట్రాలకూ పంచిన కమలనాథన్ కమిటీ కేటాయింపుల్లో ఇటు వచ్చాను.

ఇప్పుడు సూపరింటెండెంట్ ప్రమోషన్లకు తాత్కాలిక సీనియారిటీ జాబితా పెట్టారు. నా పేరుకి ఎదురుగా, కేడర్‌లో చేరిన తేదీ ఉండాల్సిన గడిలో, విజయవాడలో రిపోర్టు చేసిన తేదీ వేశారు. దాంతో నా వెనక ఉన్నవాళ్లంతా పైకెళ్లిపోయారు. అడిగితే ‘మీరు ఆప్షన్ ఇచ్చి వచ్చారుగా’ అంటున్నారు. సొంత కోరిక మీద బదిలీ అయితే సీనియారిటీ పోతుంది, నిజమే. చట్టప్రకారం జరిగిన కేటాయింపు బదిలీ ఎలా అవుతుంది?

1996 ఏపీ స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్సులో 33వ రూలు ఆ కేటగిరీలో మొదటి నియామకం తేదీనే చూడమంటోంది. 2014 పునర్విభజన చట్టం 78వ సెక్షన్ ప్రకారం కేంద్రం ముందస్తు అనుమతి లేకుండా సర్వీసు షరతుల్ని మనకు నష్టం కలిగేలా మార్చకూడదు. అయితే ప్రమోషన్ అవకాశాలు సర్వీసు షరతు కిందికి రావని సుప్రీంకోర్టు చెప్పిందని మా సెక్షన్‌లో ఒక పెద్దాయన అన్నారు. అప్పట్నుంచీ టెన్షన్‌గా ఉంది. సీనియారిటీ తేదీ మార్చడం కూడా ప్రమోషన్ అవకాశాల కిందికే వస్తుందా?

అభ్యంతరంతో పాటు సర్వీసు రిజిస్టరు పేజీలు, కేటాయింపు ఉత్తర్వు జతచేస్తే చాలా? తుది జాబితా రాకముందే ప్రమోషన్లు ఇచ్చేస్తే వెంటనే హైకోర్టుకి వెళ్లాలా? ఇలాంటి కేసులో గెలిచినవాళ్లు ఉంటే దయచేసి చెప్పండి. అభ్యంతరాల గడువు దగ్గరపడింది.