పోలిష్ పైలట్ల అనుభవాల పుస్తకాల్ని చరిత్ర అనుకుని చదవొచ్చా?

కృష్ణాతీరం:
రెండో ప్రపంచయుద్ధంలో బ్రిటన్ తరఫున ఎగిరిన పోలిష్ పైలట్లు రాసుకున్న పుస్తకాలు వరసబెట్టి చదువుతున్నా. లండన్ పక్కన నార్తోల్ట్ నుంచి ఎగిరిన పోలిష్ పైలట్ల దళం 303 స్క్వాడ్రన్ 1940 ఆగస్టు ఆఖరున యుద్ధంలో దిగి, ఆరు వారాల్లో 126 జర్మన్ విమానాలు కూల్చిందని ఏది తెరిచినా కనిపిస్తోంది. ఇవన్నీ నమ్మదగ్గవేనా? తెలిసినవాళ్ళు చెప్పండి.

పాతకాగితం:
కథలనుకుని చదవండి, హాయిగా ఉంటుంది. 126 అనేది పైలట్లు దిగివచ్చి చెప్పిన లెక్క. యుద్ధమయ్యాక జర్మన్ల నష్టాల రికార్డులతో సరిచూస్తే అందులో సగం కూడా నిలవలేదు. ఒకే విమానాన్ని ముగ్గురు తరుముతారు, పొగ కనబడగానే ముగ్గురూ తమ ఖాతాలో వేసుకుంటారు. పైగా ఆ 126లో 17 జోసెఫ్ ఫ్రాంటిషెక్‌వి. ఆయన చెక్, పోల్ కాదు.

జెట్‌బాబు:
సినిమా ఉంది కదా దీనిమీద.

ఉత్తరాంధ్రోడు:
పాతకాగితం గారూ, లెక్క పెంచింది పోలిష్ వాళ్ళేనా? 1940 సెప్టెంబర్ 15న ఒక్కరోజులో 185 కూల్చామని బ్రిటన్ ప్రకటించింది. తీరా చూస్తే 60కి అటూఇటూ. అది ఏ పైలట్టూ ముసలితనంలో రాసుకున్నది కాదండీ, ప్రభుత్వం చెప్పిందే. నార్తోల్ట్ స్టేషన్ కమాండర్ స్టాన్లీ విన్సెంట్‌కి కూడా మీలాగే అనుమానం వచ్చింది. వీళ్ళ వెనకే స్వయంగా విమానం వేసుకుని వెళ్ళి, కళ్ళారా చూసి నోరు మూసుకున్నాడు.

పాతకాగితం:
బ్రిటిష్ వాళ్ళు పెంచి చెప్పారు కాబట్టి పోలిష్ లెక్క నిజమైపోతుందా? విన్సెంట్ చూసింది వాళ్ళ తెగువ, లెక్క కాదు. తెగువ లేదని నేనెక్కడన్నాను?

ఉత్తరాంధ్రోడు:
మీరు లెక్క దగ్గరే కూర్చుంటే ఆ పుస్తకాల్లో మిగతాది కనబడదు. పైలట్ స్కాల్‌స్కీ సంగతి చూడండి. యుద్ధమంతా కొట్లాడి 1947లో స్వదేశం వెళితే, మరుసటి ఏడాదే గూఢచారివని పట్టుకున్నారు. మరణశిక్ష వేశారు, తర్వాత తగ్గించారు. 1956 దాకా జైలే. ఇంగ్లండులో ఉండిపోయినవాళ్ళకి దక్కిందేమిటి? 1946 జూన్ 8న లండన్‌లో విజయోత్సవ కవాతు జరిగితే పోలిష్ సైన్యాన్ని పిలవనేలేదు.

పాతకాగితం:
ఇదిగో, సరిగ్గా ఇక్కడే మీరు అడ్డంగా దొరికిపోయారు. పోలిష్ వైమానిక దళం నుంచి 25 మందిని రమ్మన్నారు. వాళ్ళే వెళ్ళలేదు. పుస్తకాల్లో మాత్రం "మమ్మల్ని పిలవలేదు".

ఉత్తరాంధ్రోడు:
ఎందుకు వెళ్ళలేదో కూడా చెప్పండి మరి. ఇటలీలో పోరాడి మోంటే కాసినో కొండ ఎక్కిన పోలిష్ సైనికుల్ని వదిలేసి మా 25 మందినే పిలుస్తారా అని మానేశారు. స్టాలిన్‌కి కోపం వస్తుందని వేసిన ఎత్తు అది. పెళ్ళికి ఇంట్లో ఒక్కడినే పిలిస్తే ఆ ఇంటిని పిలిచినట్టా?

పాతకాగితం:
పిలిచినట్టే. 25 అంటే సున్నా కాదు.

జెట్‌బాబు:
25 సున్నా కాదు. నోట్ చేసుకున్నాం సార్ 😀

కృష్ణాతీరం:
ఒక చిన్న సందేహం. హాలండ్‌లోని ఆర్న్‌హెమ్‌ యుద్ధంలో దిగిన పోలిష్ పారాట్రూపర్ల జనరల్ సొసబోవ్‌స్కీ యుద్ధం తర్వాత లండన్‌లో ఏదో ఫ్యాక్టరీ గోదాములో పనిచేశాడని చదివాను. అది కూడా కథేనా?

పాతకాగితం:
అది నిజమే. ఇంకో పోలిష్ జనరల్ మాచెక్ ఎడిన్‌బరాలో హోటల్ బార్లో పనిచేశాడు, అదీ నిజమే. నిజాలు లేవని నేననలేదు, తూకం వేసుకుని చదవమన్నాను.

సుధ_కొల్హాపూర్:
మీరంతా పైలట్ల దగ్గరే ఆగిపోయారు. 1940 ఫిబ్రవరి 10 రాత్రి తూర్పు పోలండ్‌లో సోవియట్ వాళ్ళు ఇళ్ళు చుట్టుముట్టి, జనాన్ని పశువుల రైలుపెట్టెల్లో కుక్కి సోవియట్ ఉత్తరాదికీ సైబీరియాకీ తోలారు. ఆ పిల్లలు పెద్దయ్యాక రాసిన జ్ఞాపకాలు చదివారా? 41లో సోవియట్‌తో ఒప్పందం కుదిరాక బయటపడి, 42లో ఇరాన్ చేరారు. అక్కణ్ణించి కొందరు మన దేశానికీ వచ్చారు. మా ఊరి పక్క వలివడేలో 1943 నుంచి 48 దాకా దాదాపు 5,000 మంది ఉన్నారు. మొత్తం ఎంతమందిని తోలారో ఎవరికైనా తెలుసా?

పాతకాగితం:
బయటపడ్డవాళ్ళు పది లక్షల పైమాటే అనేవారు. సోవియట్ పతనం తర్వాత ఎన్‌కేవీడీ (సోవియట్ రహస్య పోలీసుల) దస్త్రాలు తెరిస్తే నాలుగు విడతలూ కలిపి సుమారు 3,20,000 అని తేలింది. చూశారా, మళ్ళీ అదే కథ. జ్ఞాపకం పెంచుతుంది, కాగితం సరిచేస్తుంది.

ఉత్తరాంధ్రోడు:
ఏటండీ ఇది! తోలినవాడి పద్దుపుస్తకం పట్టుకొచ్చి తోలబడ్డవాళ్ళ నోరు మూయిస్తారా? కటీన్‌లో వేలమంది పోలిష్ ఆఫీసర్లని కాల్చి చంపి, 1990 దాకా జర్మన్లే చంపారన్నది కూడా ఆ ప్రభుత్వమే. ఏసీ గదిలో కూర్చుని జనాన్ని సగానికి సగం కొట్టేయడం మీకు సరదా అయిపోయింది.

పాతకాగితం:
నోరు అదుపులో పెట్టుకోండి. కటీన్‌లో చంపింది వాళ్ళేనని రుజువైంది కూడా వాళ్ళ కాగితాలతోనే. లోకానికి చూపించడానికి రాసుకున్న లెక్క కాదది, లోపల దాచుకున్నది.

మోడరేటర్:
ఇద్దరూ తగ్గండి. ఇంకోసారి వ్యక్తిగతంగా వెళితే తాళం వేస్తాను.

ఉత్తరాంధ్రోడు:
తగ్గాను. కానీ ఒకటి చెప్పి ఊరుకుంటా. మా అమ్మమ్మ 1942లో బర్మాలోని రంగం (రంగూన్) నుంచి నడిచొచ్చింది. తాతయ్య అక్కడ రేవులో కూలి. జపాన్ వాళ్ళు వచ్చేస్తున్నారని ప్రోమ్ మీదుగా అరకాన్ కొండలు దాటి చిట్టగాంగ్ చేరారు. దారిలో కలరా తగిలి చంకలో పిల్ల పోయింది. ఆ పిల్ల పేరు ఏ రిజిస్టర్లోనూ లేదు. అక్కడ వదిలేసిన సొమ్ముకి దరఖాస్తు పెడితే, ఒక ఆఫీసులో గుమాస్తా "మీరు అక్కడ ఉన్నట్టు రుజువేది?" అన్నాడట. ఆవిడ బతికున్నంతకాలం ఆ మాటే తలుచుకునేది. మీరు కాగితం అన్నప్పుడల్లా నాకు ఆ గుమాస్తా గొంతే వినబడుతోంది.

పాతకాగితం:
మీ అమ్మమ్మ గారి మాట అబద్ధమని నేను చచ్చినా అనను. నా సంగతీ వినండి. నేను ఎయిర్‌ఫోర్స్‌లో ఇంజిన్ ఫిట్టర్ని. ఒక పెద్దాయన రిటైరయ్యాక రాసుకున్న పుస్తకంలో, ఫలానా రాత్రి దగ్గరుండి ఇంజిన్ మార్పించి తెల్లారేసరికి విమానం లేపానని ఉంది. ఆ రాత్రి ఆయన స్టేషన్లోనే లేడు. చేసింది మా కార్పోరల్. చలిలో స్పానర్ జారి బొటనవేలి గోరు ఊడితే గుడ్డ చుట్టుకుని పని పూర్తి చేశాడు. సర్వీసింగ్ ఫారం మీద ఆయన సంతకం ఉంది. ఆ కాగితమే లేకపోతే పెద్దాయన పుస్తకమే చరిత్ర అయ్యేది. 303లోనూ రాత్రంతా హరికేన్ యుద్ధవిమానాలు బాగుచేసిన మెకానిక్‌లు ఉన్నారు. పుస్తకాలు ఎవరివి వచ్చాయి? పైలట్లవి.

ఉత్తరాంధ్రోడు:
మీ కార్పోరల్‌కి సంతకం పెట్టడానికి ఒక ఫారం ఇచ్చారు సార్. మా అమ్మమ్మకి ఎవరిచ్చారు?

జెట్‌బాబు:
...

సుధ_కొల్హాపూర్:
ఉత్తరాంధ్ర గారూ, అమ్మమ్మ గారితో వచ్చినవాళ్ళు ఇంకా ఎవరైనా ఉన్నారా? వలివడేలో ఉన్నవాళ్ళు ముసలితనంలో ఒకచోట చేరి, ఎవరికి గుర్తున్నది వాళ్ళు రాసి పెద్ద పుస్తకమే వేశారు.

ఉత్తరాంధ్రోడు:
చిన్నమ్మమ్మ ఉంది. తొంభై దాటాయి. ఆవిడనడిగితే నడవలేదు, ఓడలో వచ్చాం అంటుంది.

పాతకాగితం:
మరి ఏది రాస్తారు?

ఉత్తరాంధ్రోడు:
రెండూ రాస్తా. మీకు నచ్చనిది మీరు కొట్టేసుకోండి.

పాతకాగితం:
కొట్టేయను. ఓడ పేరు అడగండి, రేవు పేరు కూడా.