గరిటె భయపడాలి, వెలుగు మిణుకుమనకూడదు: ఎవరైనా దారి చెప్పండి

మా పోపుల పెట్టెనే ఊరుగా చేసుకుని, మాటల్లేని స్టాప్ మోషన్ సినిమా (వస్తువులను కొంచెం కొంచెం జరుపుతూ తీసిన ఫోటోలను వరుసగా ఆడించేది) తీస్తున్నాను. ఎండుమిరపకాయలు పడవలు, ఆవాలు వాన, గరిటె కథానాయకుడు. ఫోనును స్టాండుకు బిగించి, సెకనుకు 12 ఫోటోల లెక్కన 480 తీశాను. నాలుగు ఆదివారాల శ్రమకు వచ్చింది 40 సెకన్లు!

ఆడించి చూస్తే వెలుగు మిణుకుమిణుకుమంటోంది. ఎక్స్‌పోజర్ (ఫోటోలో వెలుగు మోతాదు), ఫోకస్, వైట్ బ్యాలెన్స్ (రంగుల ఛాయ) మూడూ ఫోను తనంతట తాను మార్చకుండా లాక్ చేశాను. ఎండ మారకుండా కిటికీకి దుప్పటి కట్టాను. నా తెల్ల చొక్కా స్టీలు గిన్నెల్లో మెరుస్తోందని నల్లది వేసుకున్నాను (ఇంట్లో వాళ్ల నవ్వులు అదనం). మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి దీపం సెకనుకు 100 సార్లు హెచ్చుతగ్గులవుతుందని చదివి, షట్టర్ వేగాన్ని, అంటే ఒక్కో ఫోటోకు కెమెరా వెలుగు తీసుకునే సమయాన్ని, సెకనులో 50వ వంతుకు మార్చాను. చాలావరకు తగ్గింది గానీ పూర్తిగా పోలేదు. ఇది వోల్టేజీ వల్లనా? ట్యూబులైటు మార్చాలా? తీసిన ఫోటోలను తరువాత సరిచేసే ఉచిత సాఫ్ట్‌వేర్ ఏదైనా ఉందా? మళ్లీ 480 తీసే ఓపిక మాత్రం లేదు.

ఇంకొకటి, నాకు ఇదే ముఖ్యం. రోకలిని చూసి గరిటె భయపడాలి. దానికి కళ్లు అతికించడం నాకు ఇష్టం లేదు, అది మోసంలా అనిపిస్తుంది. కాస్త వెనక్కి వాల్చి, నాలుగు ఫోటోలు కదలకుండా ఉంచి, తరువాత గబుక్కున జరిపాను. చూసినవాళ్లు "జారిపడిందా?" అని అడిగారు. వాల్చే ముందు కొంచెం ముందుకు వంచాలా, లేక ఆగే సమయం పెంచాలా? బంకమట్టి బొమ్మలతోనైనా సరే, ఇలాంటివి తీసిన అనుభవం ఉన్నవారు చెప్పగలరు.