గండికోట మ్యాప్ లోడ్ కాలేదు: పేరు మార్చాలా, విండోస్‌నే మార్చాలా?

పెన్నా ఒడ్డు, జమ్మలమడుగు:
అన్నలారా, రొంత చూడండి. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 కంప్యూటర్ గేమ్‌కు అదనంగా వచ్చిన పాత కాంకరర్స్‌లో గండికోట మ్యాప్ చేసినా. నెల రోజుల పని. పెన్నా లోయ, అంచున కోటగోడ, లోపల మసీదు, ధాన్యాగారం అన్నీ ఉండాయి. ఎడిటర్‌లో టెస్ట్1 అని సేవ్ చేసి, తర్వాత ఫోల్డర్‌లో తెలుగులో గండికోట అని పేరు మార్చినా. అప్పటి నుంచి తెరుచుకోవడంలేదు. గేమ్ రెండుసార్లు తీసేసి ఎక్కించినా. లిస్టులో ఏడు ప్రశ్నార్థకాలు కనబడతాయి, అంతే.

బురుజు నీడ, కర్నూలు:
గ్రాఫిక్స్ డ్రైవర్ అప్‌డేట్ చేయి తమ్ముడూ.

ఎర్రమల, అనంతపురం:
డ్రైవర్‌కూ దీనికీ సంబంధం లేదు. జవాబు ఆ ఏడు ప్రశ్నార్థకాల్లోనే ఉంది. గ, సున్న, డ, గుడి, క, ఓత్వం, ట: లెక్కపెట్టు, ఏడు. కంటికి నాలుగక్షరాలే అయినా యూనికోడ్‌లో, అంటే అన్ని భాషల అక్షరాలకూ నంబర్లిచ్చే పట్టికలో, ఏడు. 1999 నాటి ఆ గేమ్ ఫైల్ పేర్లను పాత కోడ్ పేజీలోనే చదువుతుంది, అంటే ఒక్కో లిపికి వేరుగా ఉండే పాత అక్షరాల పట్టికలో. రష్యన్‌కు 1251, గ్రీకుకు 1253 అని విండోస్‌లో కోడ్ పేజీలున్నాయి. తెలుగుకు అట్లాంటిది లేదు, యూనికోడ్ ఒక్కటే దారి. అందుకే తెలియని అక్షరం ప్రతిదీ ప్రశ్నార్థకం అయిపోతుంది. ఫైల్ పేరులో ప్రశ్నార్థకాన్ని విండోస్ ఒప్పుకోదు. అంటే గేమ్ అడిగేది ఉండడానికే వీల్లేని ఫైలు! నీ మ్యాప్ చెడిపోలేదు, భయపడొద్దు.

నా మాట: పేరు మార్చొద్దు. మన కోటకు మన అక్షరాల్లో పేరుండాలి. కంట్రోల్ ప్యానెల్‌లో రీజియన్, అడ్మినిస్ట్రేటివ్, చేంజ్ సిస్టమ్ లొకేల్‌కు పో. అక్కడ యూటీఎఫ్-8 (యూనికోడ్ అక్షరాలను దాచే పద్ధతి) వాడమనే బీటా టిక్కు ఉంటుంది, విండోస్ 10లో 2018 నుంచీ ఉంది. పెట్టి రీస్టార్ట్ చేయి.

అక్షరాల అంగడి, కడప:
ఎర్రమలన్న చెప్పిన కారణం నూటికి నూరుపాళ్లు నిజం. మందుతోనే నాకు పేచీ. ఆ టిక్కు ఒక్క గేమ్‌కు కాదు, మొత్తం సిస్టంకు పడుతుంది. మా డీటీపీ అంగట్లో ఒకసారి పెట్టినా. పాత సాఫ్ట్‌వేర్‌లో కంపోజ్ చేసిన పెండ్లిపత్రిక తెరిస్తే పెండ్లికూతురి పేరుకాడ డబ్బాలు, గీతలు. ప్రింటుకు మనిషి ఎదురుగా కూర్చోనుండాడు. టిక్కు తీసి రీస్టార్ట్ చేస్తే గానీ మామూలు కాలేదు. ఒక ఆట కోసం పదిమంది పని చేసుకునే సిస్టంను కదిలించొద్దు. ఫైల్ పేరు ఇంగ్లీషు అక్షరాల్లో పెట్టుకుంటే అర నిమిషం పని. ఇంకో సంగతి, ఆ మ్యాప్ స్నేహితులకు పంపితే వాళ్లందరి సిస్టంలలో ఆ టిక్కు ఉంటుందా?

ఎర్రమల, అనంతపురం:
పంపే మాట ఒప్పుకుంటా, నేను ఆలోచించలేదు. కానీ ప్రతిసారీ మనమే పేరు మార్చుకుంటూ పోతే తెలుగు ఫైల్ పేరు ఎప్పటికీ తప్పుగానే మిగులుతుంది. సొంత సిస్టం అయితే టిక్కే పెట్టమంటా.

పెన్నా ఒడ్డు, జమ్మలమడుగు:
రాత్రి ఇంగ్లీషులో పేరు మార్చినా. తెరుచుకునింది! లోయ, గోడ, ధాన్యాగారం యాడివి ఆడనే ఉండాయి. ప్రొద్దుటూరులో మా బావకు ఆ ఫైలే పంపినా. ఇంట్లో సిస్టం నా ఒక్కనిదే కాబట్టి, ఇంకో కాపీకి తెలుగు పేరు పెట్టి ఆ టిక్కుతో చూస్తా, రేపు చెప్తా.